గుమ్‌నామ్ షెహజాదీ

ఈద్ మర్నాడు మా ఇంట్లో పిల్లల రాజ్యం. షీర్‌ఖుర్మా గిన్నెలు ఎక్కడివక్కడ వదిలేసి అందరూ టీవీ ముందు చేరారు. అల్లాద్దీన్ కార్టూన్ సినిమా నడుస్తోంది. పక్కగదిలో పేపరు చూసుకుంటున్న నా దగ్గరికి మా చిన్నది పరిగెత్తుకొచ్చింది.

"అబ్బా, జాఫర్ అంటే చెడ్డవాడి పేరు కదా. మరి మసీదు పక్కన కిరాణా షాపు మామూకి ఆ పేరెందుకు పెట్టారు?"

నవ్వొచ్చింది. ఆ వెంటనే ఆగిపోయింది. ఆ మామూ పిల్లలకు డబ్బులడక్కుండా చాక్లెట్ చేతిలో పెట్టే మనిషి. అలాంటి మనిషి పేరు మీద ఎనిమిదేళ్ల పిల్లకి అనుమానం వచ్చింది. ఎక్కడి నుంచి వచ్చింది?

నేను ఉర్దూ మీడియంలో చదువుకున్నవాణ్ని. అలిఫ్ లైలా కిస్సాలు మాకు మా ఉస్తాద్ చెప్పేవారు. వాటిలో జాఫర్ చెడ్డవాడు కాదు. ఖలీఫా హారూన్ రషీద్ రాత్రిపూట మారువేషంలో బాగ్దాద్ గల్లీల్లో తిరుగుతుంటే పక్కన నడిచే వజీర్ ఆయన. మూడు ఆపిళ్ల కిస్సాలో హంతకుణ్ని మూడు రోజుల్లో పట్టుకురాకపోతే ఉరి తీస్తానని ఖలీఫా అంటే, పాపం, ఇంటికెళ్లి తల పట్టుకు కూర్చునేదీ ఆయనే. తవారీఖ్‌లో కూడా జాఫర్ ఉన్నాడు. జాఫర్ బిన్ యహ్యా బర్మకీ. బర్మకీలు బల్ఖ్ నుంచి వచ్చిన ఖాన్‌దాన్. ఇల్మ్‌నీ, షాయిరీనీ పోషించినవాళ్లు. క్రీ.శ. 803లో హారూన్ రషీదే అతన్ని చంపించాడు. అంటే హకీకత్‌లో జాఫర్ జుల్మ్ చేసినవాడిగా కాదు, పాలకుడి కోపానికి బలైనవాడిగా మిగిలాడు.

మరి ఈ నల్లబట్టల మాంత్రికుడు జాఫర్ ఎక్కడివాడు? వెతుక్కుంటూ వెళ్తే 1940లో తీసిన ఒక ఇంగ్లీషు సినిమా దగ్గర ఆగాను. 'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్'. దుష్ట వజీర్ జాఫర్, అబూ అనే చిల్లరదొంగ, బొమ్మలతో ఆడుకునే ముసలి సుల్తాన్, అందరూ అందులోనే ఉన్నారు. 1992లో అల్లాద్దీన్ కార్టూన్ తీసినవాళ్లు కిర్దార్లను అక్కణ్నుంచే తెచ్చుకున్నారు. అబూని మాత్రం కోతిని చేశారు.

ఒక ఆదివారం ఆ పాత సినిమాని పిల్లదాన్ని పక్కన కూర్చోబెట్టుకుని చూశాను. అంతా అయ్యాక అది ఇంకో సవాల్ వేసింది. "ఈ షెహజాదీ పేరేంటి అబ్బా?"

మళ్లీ వెనక్కి తిప్పి చూశాను. పేరు లేదు. దొంగకి పేరుంది, రాజుకి పేరుంది, వజీర్‌కి పేరుంది, సేవ చేసే హలీమాకి కూడా పేరుంది. కథంతా ఎవరి కోసం నడుస్తుందో ఆమెకు మాత్రం పేరు పెట్టలేదు. టైటిల్స్‌లో 'ప్రిన్సెస్' అనే ఉంది. ఆ వేషం కట్టిన అమ్మాయి జూన్ డుప్రెజ్. ఇవాళ ఆమె పేరు కూడా ఎవరికీ గుర్తులేదు. ఈ వ్యాసం ఆమె గురించి.

టెడ్డింగ్టన్ అమ్మాయి

జూన్ డుప్రెజ్ 1918 మే 14న లండన్ దగ్గర టెడ్డింగ్టన్‌లో పుట్టింది. మొదటి ప్రపంచయుద్ధం ఆఖరి నెలలు. ఆ పిల్ల పుట్టే వేళకి ఊరి మీద విమానదాడి జరుగుతోందని చెప్తారు. తండ్రి ఫ్రెడ్ డుప్రెజ్ అమెరికావాడు, స్టేజీ మీద నవ్వించడం ఆయన పేషా. అలా నాటకాల ఇంట్లో పెరిగిన పిల్ల టీనేజీలోనే కోవెంట్రీ నాటక సంస్థలో చేరింది. 1936లో 'ది క్రిమ్సన్ సర్కిల్' సినిమాతో తెర మీదికి వచ్చింది.

చిన్నాచితకా వేషాలు. 1939 వచ్చేసరికి కిస్మత్ తలుపు తట్టింది. తట్టినవాడు అలెగ్జాండర్ కోర్డా. హంగరీలో పుట్టిన యూదు. లండన్‌కి వచ్చి, డెన్హామ్‌లో పెద్ద స్టూడియో కట్టి, ఇంగ్లీషువాళ్లకంటే ఎక్కువ ఇంగ్లీషు సినిమాలు తీసినవాడు. తమ్ముడు జోల్టాన్ డైరెక్టరు, ఇంకో తమ్ముడు విన్సెంట్ కళా దర్శకుడు. అన్నదమ్ముల కార్ఖానా అది.

ఆ ఒక్క ఏడాదిలో జూన్ మూడు సినిమాల్లో కనిపించింది. 'ది స్పై ఇన్ బ్లాక్'లో ఆర్క్‌నీ దీవులకి ఉద్యోగానికి బయల్దేరిన చిన్న టీచరమ్మ. దారిలోనే శత్రువుల మనుషులు ఆమెను ఎత్తుకుపోతారు. ఆమె పేరు పెట్టుకుని ఇంకో ఆడమనిషి ఆ ఊళ్లో దిగుతుంది. కథ ఆ రెండో మనిషిది. జూన్ పని అంతటితో సరి.

రెండోది 'ది ఫోర్ ఫెదర్స్'. ఇందులో హీరోయిన్. సూడాన్‌లో మహదీ సైన్యం మీద ఇంగ్లీషువాళ్ల యుద్ధానికి పోనని హీరో ఉద్యోగం వదిలేస్తాడు. పిరికివాడివంటూ ముగ్గురు స్నేహితులు తలా ఒక తెల్ల ఈక పంపుతారు. కాబోయే భార్య నోటితో ఏమీ అనదు. అయినా ఆమె కళ్లలో ఆ మాటే చదివి, హీరో ఆమె విసనకర్ర నుంచి నాలుగో ఈకను తానే పీకి పెట్టుకుంటాడు. ఆ సన్నివేశంలో జూన్ ముఖం చూడండి. మాటల్లేకుండా ఒక మనిషి మీద నమ్మకం సడలడం ఎలా ఉంటుందో కనపడుతుంది. ఆ అమ్మాయికి నటన వచ్చు అని నేను నమ్మింది అక్కడే.

మూడోది 'ది లయన్ హాజ్ వింగ్స్'. 1939 సెప్టెంబర్ 3న బ్రిటన్ యుద్ధంలోకి దిగింది. కోర్డా చేతిలో పనులన్నీ పక్కన పెట్టి, వైమానిక దళాన్ని పొగుడుతూ కొద్ది వారాల్లోనే ఈ సినిమా తీశాడు. ఇందులో జూన్ కిర్దార్ పేరు కూడా జూన్.

అదే సినిమాలో మెర్ల్ ఓబెరాన్ కూడా ఉంది. అప్పటికి కొత్తగా కోర్డా భార్య అయింది. ఆమె పుట్టింది మన బొంబాయిలో. తల్లి వైపు దక్షిణాసియా రక్తం. ఆ సంగతి బయటపడితే అవకాశాలు పోతాయని జీవితమంతా ఆస్ట్రేలియా పక్కనున్న టాస్మానియాలో పుట్టానని చెప్పుకుంది. కోర్డా లోకం ఎలాంటిదో దీన్నిబట్టి చూడండి. బొంబాయి పిల్ల ఇంగ్లీషు దొరసాని అయింది. ఆ మరుసటి ఏడాదికే టెడ్డింగ్టన్ పిల్ల బస్రా షెహజాదీ కాబోతోంది.

కోర్డా అన్నదమ్ముల తూర్పు

జూన్ సంగతి ఇంకా ముందుకెళ్లే ముందు, కోర్డాలు మన గురించి ఏం తీసేవారో ఒక మాట చెప్పాలి. 1938లో 'ది డ్రమ్' అని ఒకటి తీశారు. వాయవ్య సరిహద్దు పఠాన్ల కథ. ఇంగ్లీషువాళ్లకి సలాం చేసే చిన్న షెహజాదా మంచివాడు, వాళ్లని ఎదిరించే బాబాయి దుర్మార్గుడు. ఆ సినిమా మీద బొంబాయిలో, మద్రాసులో జనం తిరగబడ్డారు. మద్రాసు అంటే అప్పుడు మన కోస్తా, రాయలసీమ జిల్లాలకూ రాజధాని. స్వాతంత్య్ర పోరాటం నడుస్తున్న రోజుల్లో ఆ తస్వీర్ వెనక ఉన్న రాజకీయం మన పెద్దవాళ్లకి తెలియకుండా పోలేదు.

'ది ఫోర్ ఫెదర్స్'లోనూ అంతే. జోల్టాన్ కోర్డా సూడాన్ దాకా వెళ్లి, అక్కడి ఎడారిలో, నిజమైన సూడానీ జనంతో యుద్ధ సన్నివేశాలు తీశాడు. రంగులు అద్భుతం. కానీ ఆ వేలమంది ముస్లింలలో ఎంతమందికి మాట ఉంది, ఎంతమందికి పేరు ఉంది అని లెక్కేస్తే మనసు చివుక్కుమంటుంది. జనమంటే తెర నింపడానికి వచ్చిన గుంపే.

ఇదంతా ద్వేషంతో చేశారని నేననను. ద్వేషించేవాడికి ఇంత ముచ్చటగా రంగులద్దే ఓపిక ఉండదు. వాళ్లకి మన లోకం ఒక తలిస్మ్, ఒక బొమ్మలకొలువు. బొమ్మ ఎంత ఖరీదైనదైనా కొన్నవాడు దాన్ని 'నీ పేరేంటి' అని అడగడు.

తెర మీద బస్రా

'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్'లో షెహజాదీ వేషానికి మొదట వివియన్ లీని అనుకున్నారు. ఆమె హాలీవుడ్‌కి వెళ్లిపోయింది. ఆ చోటు జూన్‌కి దక్కింది. 1939లో డెన్హామ్‌లో షూటింగ్ మొదలైంది. సినిమాకి ముగ్గురు డైరెక్టర్ల పేర్లు వేశారు: లుడ్విగ్ బెర్గర్, మైకేల్ పావెల్, టిమ్ వీలన్. పేర్లు వేయకుండా చెయ్యేసినవాళ్లు ఇంకా ఉన్నారు. మధ్యలో యుద్ధం వచ్చింది. ఇంగ్లండ్‌లో పని సాగక, కోర్డా ఆ సినిమాని అలాగే అమెరికాకి ఎత్తుకుపోయి పూర్తిచేశాడు. అందుకే బాగ్దాద్ కథలో అమెరికా గ్రాండ్ కాన్యన్ కొండలు కనపడతాయి.

1940 చివర్లో విడుదలైంది. ఛాయాగ్రహణం, కళా దర్శకత్వం, స్పెషల్ ఎఫెక్ట్స్, మూడిటికీ ఆస్కార్లు. ఎగిరే గుర్రం, ఎగిరే చాప, సీసాలోంచి లేచి ఆకాశమంత పెరిగే జిన్. నీలి తెర ముందు మనిషిని నిలబెట్టి వెనక వేరే దృశ్యాన్ని అతికించే పద్ధతి రంగుల సినిమాలో బలంగా వాడింది ఇక్కడే. ఇవాళ మన తెలుగు సినిమాల్లో చేసే గ్రాఫిక్స్‌కి అది ముత్తాత వరస.

ఇప్పుడు కథని షెహజాదీ వైపు నుంచి చెప్పుకుందాం. ఎప్పుడూ దొంగ వైపు నుంచే కదా చెప్తారు.

ఆమె వీధిలోకి వస్తే ఊరంతా తలుపులు మూసుకోవాలి. ఆమె ముఖం చూసినవాడికి బాణమే. ఏనుగు మీద ఆమె వస్తుంటే బాగ్దాద్ బాద్షా అహ్మద్, దొంగ అబూ దాక్కుని చూస్తారు. తర్వాత అహ్మద్ ఆమె తోటలోకి దూరి చెట్టెక్కి కూర్చుంటాడు. ఆమె నీళ్లలో అతని నీడ చూసి జిన్నాతేమో అనుకుంటుంది. ప్రేమ అక్కడ పుడుతుంది. ఇంతలో జాఫర్ వస్తాడు. బొమ్మల పిచ్చి ఉన్న సుల్తాన్‌కి ఎగిరే మరగుర్రం చూపించి, బదులుగా కూతుర్ని అడుగుతాడు. తండ్రి బొమ్మ తీసుకుని కూతుర్ని ఇస్తానంటాడు!

ఆమె పారిపోతుంది. పట్టుబడుతుంది. ఎవరు లేపినా లేవని నిద్రలో పడుతుంది. జాఫర్ మంత్రంతో గుడ్డివాడైన అహ్మద్ వచ్చి పిలిస్తేనే కళ్లు తెరుస్తుంది. తనను కౌగిలించుకోనిస్తేనే అహ్మద్‌కి చూపు వస్తుందని జాఫర్ అంటే, ప్రేమించినవాడి కళ్ల కోసం దానికీ ఒప్పుకుంటుంది. చివరికి జాఫర్ ఆమెకి ఒక నీలి గులాబీ వాసన చూపిస్తాడు. అది చూస్తే అన్నీ మర్చిపోతారు.

తండ్రి అమ్మేస్తే కాదన్నది ఆమె. పారిపోయింది ఆమె. త్యాగం చేసిందీ ఆమే. ఇన్ని చేసినా కథ రాసినవాళ్లకి ఆమెకో పేరు పెట్టాలనిపించలేదు. ఇరవై ఒకటీ ఇరవై రెండేళ్ల జూన్ ఆ పేరులేని మనిషికి తన ముఖం ఇచ్చింది. జాఫర్‌గా వేసిన కాన్రాడ్ వైట్ ఆమె వైపు అడుగేసినప్పుడల్లా ఆమె మెడ నిటారుగా నిలబడుతుంది. భయం ఉంది, లొంగడం లేదు. మా చిన్నది ఆమె పేరు అడిగిందంటే ఆ మెడ చూసే అడిగి ఉంటుంది.

కాన్రాడ్ వైట్ సంగతీ చెప్పాలి. జర్మన్. భార్య యూదురాలు. హిట్లర్ వచ్చాక దేశం వదిలేశాడు. నాజీలని అంతగా అసహ్యించుకున్న మనిషికి తెర మీద దుర్మార్గుల వేషాలే దక్కాయి. జిన్‌గా వేసిన రెక్స్ ఇంగ్రమ్ నల్లజాతి అమెరికన్. రాజు, షెహజాదీ, సుల్తాన్ ఇంగ్లండ్‌వాళ్లు. బాగ్దాద్ కథలో ముఖ్య వేషాలు కట్టినవాళ్లలో ముస్లిం ఇంట పుట్టినవాడు ఒక్కడే. దొంగ అబూగా వేసిన సాబూ. అతని దగ్గరికి మళ్లీ వస్తాను.

పర్దా గురించి అడిగిన చెల్లెళ్ల కోసం ఒక మాట. ముఖం చూస్తే చంపే షెహజాదీ సినిమావాళ్ల కల్పన. హారూన్ రషీద్ బేగం జుబైదా పేరు తవారీఖ్‌లో ఉంది. కూఫా నుంచి మక్కా దాకా హాజీలు నడిచే దారిలో బావులు, చెరువులు, విడిది ఇళ్లు కట్టించింది ఆమె. సుమారు 1,400 కిలోమీటర్ల ఆ దారిని ఇప్పటికీ దర్బ్ జుబైదా అనే అంటారు. పన్నెండు వందల ఏళ్ల కింద దారికి ఒక ఆడమనిషి పేరు పెట్టుకున్న బాగ్దాద్ అది. దాని గురించి సినిమా తీసినవాళ్లు షెహజాదీకి పేరు పెట్టడం మర్చిపోయారు.

యాభై వేల డాలర్లు

ఇంత పెద్ద సినిమా తర్వాత జూన్ డుప్రెజ్ పెద్ద తార కావాలి. కాలేదు. ఎందుకు కాలేదన్నదే అసలు దాస్తాన్.

సినిమాతోపాటు ఆమెనీ కోర్డా హాలీవుడ్‌కి తెచ్చాడు. అక్కడ ఆమె ధర సినిమాకి 50,000 డాలర్లని పెట్టాడు. అప్పటికి అమెరికాలో ఆమె ఎవరికీ పెద్దగా తెలియదు. ఆ డబ్బుతో తెలిసిన తారనే తెచ్చుకోవచ్చు కదా అనుకున్నారు స్టూడియోలవాళ్లు. ఖరీదు చూసి షాపులో పక్కకి పెట్టేసిన పట్టుచీరలాగా ఆమె మిగిలిపోయింది. మన ఇళ్లల్లో మంచి సంబంధం, మంచి సంబంధం అంటూ పిల్లను కూర్చోబెట్టేసిన పెద్దవాళ్లు గుర్తొచ్చారు నాకు. ధర పెట్టింది ఆమె కాదు. నష్టం మాత్రం ఆమెది.

పని దొరక్క దొరికిన చోటికి దిగింది. 1942లో 'లిటిల్ టోక్యో, యు.ఎస్.ఏ.' అనే చిన్న బడ్జెట్ సినిమా. లాస్ ఏంజెలిస్‌లో ఉన్న జపనీయులంతా గూఢచారులే అన్నట్టు తీసిన ప్రచారచిత్రం. అప్పటికే అమెరికా ప్రభుత్వం తన సొంత జపనీ పౌరులను ఇళ్లు ఖాళీ చేయించి శిబిరాలకు తోలుతోంది. అందులో జూన్ కట్టింది తేరు అనే జపాన్ అమ్మాయి వేషం. నిన్న బస్రా షెహజాదీ, ఇవాళ జపాన్ అనుమానితురాలు. తూర్పు ముఖం కావాలంటే ఈ ఇంగ్లీషు పిల్లే కావాల్సి వచ్చింది, నిజమైన తూర్పువాళ్లు ముళ్లకంచె వెనక ఉన్నారు మరి. ఒక మతం మీదో జాతి మీదో మొత్తంగా అనుమానం వేసే సినిమా ఎలా పనిచేస్తుందో మనకి ఎవరూ కొత్తగా నేర్పక్కర్లేదు. ఆ మురికిలో జూన్ చెయ్యి కూడా ఉంది. ఆమె మీద ఎంత అభిమానం ఉన్నా ఆ మాట దాచను.

మరుసటి ఏడాది 'టైగర్ ఫాంగ్స్' అని మలయా అడవుల్లో పులుల కథ. అదీ చిల్లర సినిమానే.

1944లో కాస్త వెలుగు. నాటకకర్త క్లిఫర్డ్ ఒడెట్స్ 'నన్ బట్ ది లోన్లీ హార్ట్' తీస్తూ ఆమెని పిలిచాడు. లండన్ పేదవాడలో, గూండా మాజీ భార్యగా, కేరీ గ్రాంట్ పక్కన వేషం. ఈసారి తలిస్మ్ లేదు, ముసుగు లేదు. అలసిపోయిన మామూలు ఆడమనిషి. ఎంత సహజంగా చేసిందో! ఆ సినిమాకి ఎథెల్ బారీమోర్‌కి ఆస్కార్ వచ్చింది. జూన్ వైపు ఎవరూ చూడలేదు.

1945లో రెనే క్లెయిర్ తీసిన 'అండ్ దెన్ దేర్ వర్ నన్'. అగాథా క్రిస్టీ నవల. దీవిలో చిక్కుకున్న పదిమంది ఒక్కొక్కరే చచ్చిపోతుంటారు. అందులో హీరోయిన్ వేరా జూనే. మన పాత హిందీ సినిమాల దీవానాలకి ఈపాటికి వెలిగి ఉంటుంది. అవును, 1965లో వచ్చిన 'గుమ్‌నామ్'ది కూడా ఇదే అల్లిక. మన నందా ఉన్న చోట ఇరవై ఏళ్ల ముందు జూన్ డుప్రెజ్ ఉంది. మెహమూద్ హైదరాబాదీ యాస విని పగలబడి నవ్విన మన ఇళ్లలో ఎవరికీ ఈ సంగతి తెలియదు. నాకూ తెలియదు, మొన్నమొన్నటిదాకా.

1946లో 'దట్ బ్రెన్నన్ గర్ల్'. ఇందులో ఆమె తల్లి వేషం కట్టింది. కూతురిగా వేసిన మోనా ఫ్రీమన్ ఆమెకంటే ఎనిమిదేళ్లే చిన్న. ఇరవై ఎనిమిదేళ్లకే తల్లిని చేసేశారు. మన తెలుగు హీరోయిన్ల కష్టం మనకి తెలిసిందే, కొత్తేమీ కాదు. 1947లో 'కలకత్తా'. అలన్ లాడ్ హీరో. అందులో జూన్ నైట్‌క్లబ్ గాయని. పేరు కలకత్తా, కట్టింది హాలీవుడ్ స్టూడియోలో. మనకు స్వాతంత్య్రం వచ్చిన ఏడాది ఆమె ఆఖరి పెద్ద సినిమా మన ఊరి పేరు మీదే వచ్చింది.

ఈ మధ్యలో న్యూయార్క్‌లో అమెరికన్ రెపర్టరీ థియేటర్ నాటకాల్లోనూ వేసింది. 1948లో ఒక ధనవంతుణ్ని పెళ్లి చేసుకుంది. అది రెండో పెళ్లి. సినిమాలు మానేసింది. ఇద్దరు కూతుళ్లు పుట్టారు. 1961లో ఒక చిన్న సినిమాలో మాత్రం కనిపించింది. 1965లో ఆ పెళ్లీ ముగిసింది. కొన్నాళ్లు రోమ్‌లో, తర్వాత లండన్‌లో బతికింది. 1984 అక్టోబర్ 30న అక్కడే పోయింది. అరవై ఆరేళ్లు. 1936 నుంచి 1947 దాకా పదకొండేళ్ల సినిమా జిందగీ. అందులో జనం గుర్తుపెట్టుకున్నది ఒక్క వేషం. ఆ వేషానికి పేరు లేదు.

దస్తగీర్

ఇప్పుడు సాబూ దగ్గరికి వద్దాం. మైసూరు సంస్థానం, కారాపూర్‌లో 1924లో పుట్టాడు. తండ్రి మావటి. రాబర్ట్ ఫ్లాహర్టీ 'ఎలిఫెంట్ బాయ్' సినిమా కోసం మైసూరు వచ్చినప్పుడు ఏనుగుల శాలలో ఈ కుర్రాడు దొరికాడు. అక్కణ్నుంచి లండన్. 'ది డ్రమ్'లో షెహజాదా అతనే. 'థీఫ్'లో అబూ అతనే. ప్రపంచం అతన్ని సాబూ దస్తగీర్ అంది. నిజానికి దస్తగీర్ అతని అన్న పేరు. ఎవరో పొరపాటున రాస్తే అదే స్థిరపడిపోయింది. చూశారా, ఇతనికీ పేరు దగ్గరే తప్పు జరిగింది.

దస్తగీర్ పేరు మన కర్నూలు, కడప వైపు ఎంత మామూలో చెప్పక్కర్లేదు. దస్తగిరి అని హిందువుల ఇళ్లల్లోనూ పెట్టుకుంటారు. చెయ్యి పట్టుకుని లేపేవాడు అని అర్థం. గౌస్ పాక్, హజ్రత్ అబ్దుల్ ఖాదిర్ జీలానీ లఖబ్ అది. గ్యార్మీ నాడు మన ఇళ్లలో ఫాతెహా ఇచ్చేది ఆయన పేరు మీదే. ఆయన మజార్ ఎక్కడుంది? బాగ్దాద్‌లో. బాగ్దాద్ వలీ పేరు మోసుకుంటూ మైసూరు కుర్రాడు లండన్ వెళ్లి బాగ్దాద్ దొంగ అయ్యాడు. ఆ స్టూడియోలో ఉన్న అంతమందిలో బాగ్దాద్‌తో నిజంగా చుట్టరికం ఉన్నది ఆ పేరుకే. అది వాళ్లకి తెలిసే అవకాశం లేదు.

సాబూ అమెరికా పౌరుడయ్యాడు. యుద్ధంలో బాంబర్ విమానం తోక దగ్గర తుపాకీ పట్టుకుని కూర్చున్నాడు, పతకం తెచ్చుకున్నాడు. తిరిగొచ్చాక అవే అడవి వేషాలు, అవే తలపాగాలు. 1963లో గుండెపోటుతో పోయాడు. ముప్ఫై తొమ్మిదేళ్లు.

ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు ఒకటి అర్థమైంది. ఇతను నిజంగా తూర్పువాడు, కాబట్టి ఇంకేమీ కానివ్వలేదు. ఆమె తూర్పుది కాదు, కానీ ఒకసారి ఆ ముసుగు వేశాక ఇంకేం చేయాలో వాళ్లకి తోచలేదు. ఇద్దరి కష్టం ఒకటేనని నేననను. ఆమెకి తిరిగి వెళ్లడానికి ఒక ఇల్లు, ఒక రంగు, ఒక దేశం ఉన్నాయి. సాబూకి ఆ తలపాగా తీసి పక్కన పెట్టే వీలే లేదు. అయినా ఆ ఇద్దరినీ మింగింది ఒకే బొమ్మలకొలువు. మనల్ని బొమ్మలుగా చూసే కన్ను, ఆ బొమ్మ వేషం కట్టిన తన మనిషిని కూడా బొమ్మగానే చూసింది. ధర కట్టింది, అల్మారాలో పెట్టింది, మర్చిపోయింది. నీలి గులాబీ వాసన చూసింది షెహజాదీ కాదు, ఆ సినిమా చూసిన లోకం.

మనం కూడా ఆ లోకంలోనే ఉన్నాం. 1968లో ఎన్టీఆర్, జయలలితల 'బాగ్దాద్ గజదొంగ' మన తెలుగులోనే వచ్చింది. 1970లో 'అలీబాబా 40 దొంగలు'. మన అమ్మీలు, ఖాలాలు బుర్ఖాలు సర్దుకుని మ్యాట్నీకి వెళ్లి మురిసిపోయి చూసిన సినిమాలు. నేను తప్పు పట్టను. కిస్సాని కిస్సాగా ఆనందించే హక్కు అందరికీ ఉంది. నేనైతే 'థీఫ్' మళ్లీ చూస్తాను, ఆ రంగులకి మళ్లీ పడిపోతాను. కాకపోతే చూసేటప్పుడు ఒక్క సవాల్ అడగడం మనవంతు. ఈ మనిషి పేరేంటి?

1992 కార్టూన్‌లో షెహజాదీకి జాస్మిన్ అని పేరు పెట్టారు. యాస్మీన్, మన పేరే. అలిఫ్ లైలా అల్లాద్దీన్ కిస్సాలో ఆమె పేరు ఇంకా అందంగా ఉంటుంది: బద్రుల్ బుదూర్. నిండు చందమామల్లోకెల్లా నిండు చందమామ. పేరు రావడానికి యాభై రెండేళ్లు పట్టింది. అదే చేత్తో జాఫర్ పేరును ఇంకాస్త నల్లగా చేసి వదిలారు.

మా చిన్నదానికి ఇదంతా ఒకేసారి చెప్పలేదు. ముందు జాఫర్ బర్మకీ కిస్సా చెప్పాను. ఆ తర్వాత షెహజాదీ వేషం కట్టిన ఆమె పేరు జూన్ అని చెప్పాను. "పాపం, ఆమెకి పేరుంది కదా, ఎవరూ అడగలేదు" అంది. మర్నాడు బ్రెడ్డు తెమ్మని కిరాణా షాపుకి పంపితే, వెళ్లి కౌంటర్ ముందు నిలబడి, "మామూ, మీ పేరు మంచి వజీర్ పేరట, మా అబ్బా చెప్పారు" అందట. ఆయన సాయంత్రం మసీదు దగ్గర నన్ను ఆపి, ఎవరా వజీర్ అని అడిగాడు. అసర్ నుంచి మగ్రిబ్ దాకా ఆయనకి బాగ్దాద్ తవారీఖ్ చెప్తూ కూర్చున్నాను.